మనిషి అడ్డం, పనికిరాదు

నేను చేసిన ఉద్యోగానికి తెలుగులో పేరు లేదు. ఇంగ్లీషు పేరు చెప్తే మా అమ్మ అదేదో పరీక్ష అనుకుని, పాసయ్యావా అని అడిగింది. పని మాత్రం తేలిగ్గానే చెప్పొచ్చు. డాక్యుమెంటరీలు తీసేవాళ్ళకి పాతకాలపు కదిలే బొమ్మలు కావాలి. ముప్పై నలభై ఏళ్ళ కిందటి వీధిని ఇప్పుడు కెమెరా పట్టుకెళ్ళి తీద్దామంటే ఆ వీధి ఉండదు కదా. ఆనాడు ఎవరో ఒకరు తీసే ఉంటారు. ఆ రీలు ఎవరింట్లో, ఏ ట్రంకుపెట్టె అడుగున ఉందో వెతికి పట్టుకొచ్చి, అందులో పనికొచ్చే ముక్క ఏదో తేల్చి ఇవ్వడం నా పని.

పద్మారావు నగర్‌లో మా ఇంట్లో దీన్ని రీళ్ళ పని అనేవాళ్ళు. శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడ్డ కుటుంబం మాది. "ఊళ్ళోవోళ్ళ పెళ్ళి రీళ్ళన్నీ ఎతుకుతున్నావు, నీ పెళ్ళి రీలు ఎప్పుడే తల్లీ?" అని మా అమ్మ పొద్దున్నే కాఫీతోపాటు ఒక చురక అంటించేది. నేను గ్లాసు ఠపీమని బల్లమీద పెట్టి చెప్పులేసుకునేదాన్ని. నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. ఇప్పుడూ ఉంది, కాకపోతే మోకాళ్ళ నొప్పులు కూడా వచ్చాయి కాబట్టి అంత విసురుగా లేవలేను.

ఇది తొంభైల చివరి మాట. ఒక డైరెక్టర్‌గారు ఆవిరి ఇంజన్ల కాలం గురించి సినిమా తీస్తున్నారు. ఆయనకి సికింద్రాబాద్ స్టేషన్ ముందుభాగం కావాలి. అరవైల్లో ఎలా ఉండేదో అలా, మెట్లు, కూలీలు, జట్కాలు, రిక్షాలతో సహా. "పది సెకన్లు చాలమ్మా. కానీ మొహాలు దగ్గరగా ఉండకూడదు. ఉన్నాయంటే రేపు ఎవరో ఒకరొచ్చి, ఆయన మా తాత, మమ్మల్నడక్కుండా ఎలా వేశారంటారు" అన్నారు. మా పనిలో అదే మొదటి పాఠం. మనుషుల్ని చూడకు, వాళ్ళ వెనకాల చూడు. మనిషి వెనక గోడ, గోడ మీద బోర్డు, బోర్డు పక్కన ఆగిన బండి, ఇవే మాకు సరుకు. ఎవరైనా ముందుకొచ్చి నిలబడితే కాగితం మీద "మనిషి అడ్డం, పనికిరాదు" అని రాసుకుని తర్వాతి ముక్కకి వెళ్ళిపోవడమే. ఆ మాట నేను ఎన్ని వందలసార్లు రాశానో నాకే తెలీదు.

సర్కారువారి రీళ్ళన్నీ తిరగేశాను. వాటిలో మంత్రులు రిబ్బన్లు కత్తిరిస్తూనే ఉంటారు, దండలు వేయించుకుంటూనే ఉంటారు, ఆ దండల వెనక ఊరు మాత్రం కనపడి చావదు. నెల తిరిగిపోయింది. డైరెక్టర్‌గారు రోజు విడిచి రోజు ఫోను. అప్పుడు తట్టింది నాకు. ఆ రోజుల్లో సొంతానికి సినిమా కెమెరా ఉండేది ఎవరికి? మిషను ఆసుపత్రుల్లో, మిషను బళ్ళలో పనిచేసిన దొరలకి. దొరలు వెళ్ళిపోయారు గానీ వాళ్ళతో కలిసి పనిచేసినవాళ్ళు ఇక్కడే ఉన్నారు కదా.

ఒక చర్చి పాస్టరుగారిని బతిమాలుకున్నాను. ఆదివారం ఆరాధన చివర ఆయన ప్రకటనలు చదువుతారు. ఫలానా వారింట్లో కృతజ్ఞతా కూటం, ఫలానా వారి అబ్బాయి వివాహం, శుక్రవారం స్త్రీల సమాజం. వాటి మధ్యలో నాదీ చదివారు. "సంఘస్తులెవరి దగ్గరైనా పాత సినిమా రీళ్ళు ఉన్నట్లయితే ఈ సహోదరికి తెలియజేయగలరు." నేను వెనక బెంచీలో కూర్చున్నాను. అందరూ వెనక్కి తిరిగి చూస్తుంటే, సహోదరి అంటే నేనేనని అప్పుడు అర్థమైంది. లేచి ఒక నమస్కారం పెట్టాను.

మంగళవారం ఫోనొచ్చింది. ఆడ గొంతు, పెద్దావిడ. "వందనాలమ్మా. రీలు అడిగింది మీరేనా? మా ఇంట్లో ఒకటుంది. మూడు నిమిషాలదట. మన స్టేషన్ దగ్గర తీసింది." నేను గబగబా అడ్రసు రాసుకున్నాను. అన్నం కూడా తినకుండా నేరేడ్‌మెట్ బస్సెక్కేశాను.

ఆవిడ రిటైరైన లెక్కల టీచరు. కోస్తా నుంచి పెళ్ళి చేసుకుని ఇక్కడికొచ్చారట. ముప్పై ఏళ్ళు మిషను బళ్ళో చెప్పి, అది చాలనట్టు ఇంట్లో ట్యూషన్లు పెట్టుకున్నారు. నేను వెళ్ళేసరికి వరండా నిండా చెప్పులు, లోపల ఎక్కాల హోరు. పిల్లల్ని పంపేసి, నాకు టీ ఇచ్చి, మంచం కింద నుంచి ట్రంకుపెట్టె లాగారు. అందులోంచి గుండ్రటి రేకు డబ్బా ఒకటి తీసి ఒళ్ళో పెట్టుకున్నారు. నేను చెయ్యి చాపాను. ఆవిడ ఇవ్వలేదు.

"ఇందులో మా వారున్నారమ్మా," అన్నారు. "మిషను ఆసుపత్రిలో గుమాస్తా ఆయన. డాక్టరు దొరగారు రిటైరై వాళ్ళ దేశం వెళ్ళిపోతుంటే సంఘమంతా స్టేషనుకి సాగనంపడానికి వెళ్ళాం. దొరగారే కెమెరాతో తీశారు. ఆ వర్షాకాలంలోనే జ్వరమొచ్చి మా వారు పోయారు. ఆయన పోయాక ఈ రీలు పోస్టులో వచ్చింది. చర్చి హాల్లో దుప్పటి కట్టి వేశారు. అందరూ చూశారు. నేనే చూడలేకపోయాను. కొంగు మొహానికి కప్పుకుని కూర్చున్నా. తర్వాత ఆ ప్రొజెక్టరూ పాడైపోయింది. చూద్దామనుకునే ధైర్యం వచ్చేసరికి చూసే దారి లేకుండా పోయింది. ఒక్కసారి చూపిస్తావా అమ్మాయ్?"

"అయ్యో, దానికేం భాగ్యమండీ! క్యాసెట్ చేసి తెచ్చిస్తాను, మీ టీవీలోనే చూసుకుందురు గాని" అన్నాను. నోరు అంటోంది, అంతే. కళ్ళు ఆ డబ్బా మీదా, మనసు ఐదింటి బస్సు మీదా ఉన్నాయి. గోడకి వాళ్ళ పెళ్ళి ఫొటో ఉంది. సన్నగా రివటలాంటి కుర్రాడు, కళ్ళద్దాలు, చేతిలో పూలగుత్తి. చూశాను, చూసి మర్చిపోయాను. ఇప్పుడు తలుచుకుంటే నా చెంప నేనే వాయించుకోవాలనిపిస్తుంది.

లేవబోతుంటే "ఉండమ్మా, ప్రార్థన చేసుకుని వెళ్దువుగాని" అన్నారు. వాళ్ళ ఇళ్ళల్లో అంతే, వచ్చిన మనిషిని ప్రార్థన చెయ్యకుండా పంపరు. డబ్బా మీద నా చెయ్యి, నా చెయ్యి మీద ఆవిడ చెయ్యి. "ప్రభువా, ఈ బిడ్డ పనిని ఆశీర్వదించు. ఈ బిడ్డ కళ్ళకి మంచి చూపునివ్వు" అని మొదలుపెట్టి, బస్సుల్లో నా రాకపోకల్నీ, మా ఇంట్లోవాళ్ళ ఆరోగ్యాన్నీ, పేరు కూడా తెలియని డైరెక్టర్‌గారినీ ఒక్కొక్కరినే దేవుడికి అప్పజెప్పారు. తొందరన్నది లేదు. నేను ఒక కన్ను తెరిచి గడియారం చూశాను. అయ్యీ అవగానే ఆమెన్ అనడం కూడా మర్చిపోయి, డబ్బా చంకలో పెట్టుకుని బస్టాపుకి పరిగెత్తాను.

ఫిల్మును టేపు మీదికి ఎక్కించే అన్న మోండా మార్కెట్ వెనక సందులో ఉండేవాడు. పూర్వం సినిమా హాల్లో ఆపరేటరు. రెండు గదులు, నాలుగు పాత మిషన్లు, ఎప్పుడూ మరుగుతున్న చాయ్. డబ్బా మూత తీసి, తల వెనక్కి లాక్కున్నాడు.

"ఏంది చెల్లె, ఊరగాయ తెచ్చినవా ఏంది?"

పాత ఫిల్ము పులుస్తుంది. ముందు వెనిగర్ వాసన కొడుతుంది, తర్వాత ముడుచుకుపోతుంది, ఆఖరికి అప్పడంలా విరుగుతుంది. అన్న అంచుని గోటితో మెల్లగా వంచి చూసి పెదవి విరిచాడు. "మొత్తం మిషన్ల నడ్వది. నడిపిస్తే చినిగి పరేషాన్ జేస్తది. నీకు ఏ ముక్కలు గావాల్నో చెప్పు. గవ్వి కోసి, మంచిగ తుడ్సి, జెర మెల్లగ నడిపిస్త. ఒక్కపారే నడుస్తది మల్ల, యాద్ పెట్టుకో."

కింద లైటు వెలిగే గాజుబల్ల ఉంటుంది. దాని మీద ఫిల్ము పరిచి, భూతద్దం కంటికి ఆనించి కూర్చున్నాను. ఒక్కో బొమ్మ గోరంత ఉంటుంది. మొదట్లోనే స్టేషన్ దొరికింది. మెట్లు, మెట్ల కింద రెండు జట్కాలు, నెత్తిన పెట్టెతో ఒక కూలీ. నాకు పట్టరాని సంతోషం. ఆ తర్వాత ఇంకో చోట, చివర్న మరో చోట, మొత్తం మూడు ముక్కలు. తెల్ల పెన్సిలుతో గీతలు పెట్టుకున్నాను.

మధ్యలో మాత్రం ఒక పొడుగాటి ముక్క ఒళ్ళు మండించింది. బొద్దుగా ఉన్న ఒకాయన, తెల్ల ప్యాంటు, నల్ల కోటు, సరిగ్గా కెమెరాకి ఎదురుగా నిలబడి చెయ్యి ఊపుతున్నాడు. ఆయన వెనకే అసలు షాటంతా ఉంది. స్టేషన్ మొత్తం, జట్కాల వరస మొత్తం. ఒక్క అడుగు పక్కకి జరిగుంటే చాలు. "జరగవయ్యా మహానుభావా!" అని పైకే అనేశాను. అన్న చాయ్ గ్లాసుతో వెనక్కి తిరిగి చూశాడు. ఆ పెద్దమనిషి జరగకపోగా మీదికే వచ్చాడు. వచ్చి వచ్చి, ఆయన కోటు తప్ప మరేమీ కనపడనంత దగ్గరికి వచ్చేశాడు. పైగా ఫ్రేము కింది భాగంలో నల్లగా ఏదో మచ్చ. కాగితం మీద రాశాను: "మనిషి అడ్డం. కింద మచ్చ, ఫిల్ము పాడైనట్టుంది. చివరంతా నలుపు. పనికిరాదు."

పనికొచ్చే మూడు ముక్కలూ అన్న కోసి, తుడిచి, ఊపిరి బిగబట్టి నడిపించాడు. నలభై సెకన్లు. డైరెక్టర్‌గారు చూసి కుర్చీలోంచి లేచారు. "ఎక్కడ పట్టావమ్మా దీన్ని!" అని ఒకటికి రెండుసార్లు అన్నారు. ఆ వారమంతా నా కాళ్ళు నేల మీద లేవు. మా అమ్మ చురక అంటించినా నవ్వి ఊరుకున్నాను. జ్వరమేమో అని ఆవిడ నా నుదురు పట్టుకుని చూసింది.

ఇచ్చిన మాట ప్రకారం టీచరుగారికి క్యాసెట్ చేయించుకుని నేరేడ్‌మెట్ వెళ్ళాను. ఆ రోజు ట్యూషన్లకి సెలవిచ్చేశారు. తెల్లని పట్టుచీర కట్టుకున్నారు, చర్చికి కట్టుకునేది. పక్కింటివాళ్ళ వీసీఆర్ తెచ్చి టీవీకి పెట్టి ఉంచారు. టీవీ ఎదురుగా కుర్చీ వేసుకుని, కళ్ళద్దాలు కొంగుతో తుడుచుకుని, మళ్ళీ తుడుచుకుని కూర్చున్నారు. నేను క్యాసెట్ లోపలికి తోశాను.

మెట్లు వచ్చాయి. జట్కాలు వచ్చాయి. కూలీ వచ్చాడు, వెళ్ళాడు. ఆవిడ ముందుకి వంగి చూస్తున్నారు. నలభై సెకన్లు ఎంతసేపు? అయిపోయింది. తెర మీద తెల్లటి చుక్కలు గోల పెడుతున్నాయి.

"మా వారేరమ్మా?" అన్నారు టీచరుగారు.

"జనంలో ఉన్నారేమోనండీ, మళ్ళీ చూద్దాం" అన్నాను. మళ్ళీ వేశాను. ఆవిడ తల అడ్డంగా ఊపారు. అప్పుడు అడిగాను, ఎలా ఉంటారండీ అని. ముందే అడగాల్సిన ప్రశ్న! "పెళ్ళయ్యాక ఒళ్ళు చేశారమ్మా. కళ్ళద్దాలు చదివేటప్పుడే పెట్టుకునేవారు. ఆ రోజు తెల్ల ప్యాంటు, నల్ల కోటు వేసుకున్నారు."

గాజుబల్ల మీద నేను చూసిన ఆ బొద్దు మనిషే. దాచి లాభం లేదు, జరిగింది జరిగినట్టు చెప్పేశాను. ఆయన అడ్డం వచ్చారని రాసి ఆ ముక్క పక్కన పడేయించానని, జరగవయ్యా అని తిట్టానని కూడా చెప్పాను. ఆవిడ టీవీ ఆపేసి, "పోన్లే అమ్మా. నీ పనికి కావలసింది దొరికింది కదా" అన్నారు. తిట్టుంటే బాగుండేది. తిడితే నేనూ ఏదో ఒకటి అని, ఇద్దరం అరుచుకుని తేలికపడేవాళ్ళం. ఆ మంచితనానికి నేనే ఏడ్చేశాను. ఆవిడ లేచి మంచినీళ్ళు తెచ్చి ఇచ్చారు.

అప్పుడు చెప్పారు అసలు సంగతి.

"ఆ రోజు మేం పోట్లాడుకున్నామమ్మా. దొరగారికి రైల్లో తినడానికి కోడికూర వండి క్యారియర్‌లో పెట్టాను. దాని కొక్కెం లూజు. రిక్షాలో పులుసు కారి మా వారి ప్యాంటు మీద పడింది. క్రిస్మస్‌కి కుట్టించుకున్న కొత్త ప్యాంటు. 'నీకు లెక్కలొచ్చు గానీ క్యారియర్ సర్దడం రాదు' అన్నారు, రిక్షా అతని ముందు. నాకు ఎక్కడలేని రోషం వచ్చింది. స్టేషన్ దగ్గర దొరగారు కెమెరా తియ్యగానే ఈయన వెళ్ళి ఎదురుగా నిలబడి, నువ్వూ రా అని చెయ్యి ఊపారు. నేను దొరగారి పక్కనే క్యారియర్ పట్టుకుని బిగుసుకుని నిలబడ్డాను. రానంటే రానన్నాను. అంతమందిలో పిలుస్తూనే ఉన్నారు. నేను వెళ్ళలేదు."

కొంగు అంచుని మడతలు పెడుతూ విప్పుతూ ఉన్నారు. "హాల్లో చూసినవాళ్ళంతా, నవ్వుతూనే ఉన్నారమ్మా అని నాకు చెప్పారు. పోయినవాళ్ళ గురించి ఎవరైనా అలాగే చెప్తారు కదా. నిజంగా నవ్వారో, నలుగురిలో చిన్నబుచ్చానని మొహం మాడ్చుకున్నారో, నాకు తెలీదు. అదొక్కటీ నా కళ్ళతో చూసుకుందామని."

నేను ఆ ఇంట్లోంచి ఎలా బయటపడ్డానో, ఏ బస్సెక్కానో తెలీదు. దారిపొడుగునా ఒకటే భయం. నలుపు తెలుపు ఫిల్ములో కాస్త వెండి ఉంటుంది. పనికిరాని ముక్కల్ని అన్న గోనెసంచిలో వేస్తాడు. సంచి నిండితే వెండి తీసేవాడొచ్చి పట్టుకుపోయి ఉడకబెట్టేస్తాడు.

"అన్నా, ఆ సంచి ఉందా?" అని గుమ్మంలోంచే అరిచాను.

"గా మూలకు ఉన్నది. రేప్పొద్దుగాల వస్తనన్నడు తీస్కపోనీకి. ఏమైంది చెల్లె?"

ఏమైందో చెప్పాను. అన్న తింటున్న టిఫిన్ పక్కకి జరిపి, చెయ్యి కడుక్కుని, సంచిని వరండాలోకి ఈడ్చి బోర్లించాడు. నా మోకాలెత్తు గుట్ట. ఇద్దరం నేలమీద కూర్చుని ఒక్కొక్క ముక్కనీ ఎండకి పెట్టి చూశాం. పెళ్ళిలో కళ్ళు మూసుకున్న చుట్టాలు, వేదిక మీద ఏడుస్తున్న పిల్ల, ఉపన్యాసం మధ్యలో అడ్డంగా నడిచిన ముసలాయన, ఒక కుక్క. వీళ్ళంతా ఎవరో ఒకరి షాటుకి అడ్డం వచ్చినవాళ్ళే. వాళ్ళలో ఎంతమందిని నేనే ఆ సంచిలో వేయించానో. ఇన్నేళ్ళుగా ఈ పని చేస్తూ, మొదటిసారి మొహాలు చూశాను.

చివరికి వాసనే పట్టించింది. "ఇగో, ఊరగాయ!" అన్నాడు అన్న, ఫిల్ము చుట్ట ఒకటి ముక్కు దగ్గర పెట్టుకుని. అందులో నల్ల కోటు. ఇంకో ముక్క సంచి అడుగున దొరికింది. మధ్యలో జానెడు తునాతునకలైపోయింది. ఆ తునకలు ఇక అతకవన్నాడు అన్న.

మిషన్‌లో పెడితే విరిగిపోతుంది. కానీ అన్న దగ్గర వీడియో క్యాసెట్ల మొదట్లో వేసే పేర్ల అట్టలు తీసే స్టాండు ఒకటుంది. కింద లైటు, పైన వీడియో కెమెరా. దాని కింద ఫిల్మును పరిచి, ఒక బొమ్మ తియ్యడం, గోరంత ముందుకి జరపడం, మళ్ళీ ఇంకో బొమ్మ తియ్యడం. మూడొందల చిల్లర బొమ్మలు. జరపడం నాది, మీట నొక్కడం అన్నది. నాలుగు రోజులు పట్టింది. మధ్యలో ఒక బొమ్మ వంకర వస్తే నాకు విసుగొచ్చి కేకలేసేదాన్ని. "జెర నిమ్మలంగ, చెల్లె. ఆయనకేం తొందర లేదు" అనేవాడు అన్న.

బొమ్మలన్నీ నా చేతుల మీదుగానే వెళ్ళాయి, అయినా టీచరుగారి ప్రశ్నకి జవాబు దొరకలేదు. ఒక బొమ్మలో కనుబొమలు ముడిపడి ఉంటాయి, కోపం అనుకుంటాం. తర్వాతి దాంట్లో నోరు తెరిచి ఉంటుంది, అరుస్తున్నాడో నవ్వుతున్నాడో. ఆ తర్వాత కళ్ళు మూసుకుని ఉంటాడు. ఆగిపోయిన మొహాన్ని చూసి మనిషి మనసు చెప్పలేం. అన్న దూదితో ఆ నల్లమచ్చని తుడిచి తుడిచి, ఒక్కసారి ఆగాడు. "చెల్లె, ఈ మచ్చ ఫిల్ముది గాదు. మనిషి జరిగితే మచ్చ సుత జరుగుతున్నది. ప్యాంటు మీదున్నది." నేను భూతద్దం పెట్టి చూశాను. కోడికూర పులుసు.

పనంతా అయ్యాక అన్న ఒక్కడే వేసి చూసుకున్నాడు, సరిగ్గా పడిందో లేదోనని. నేను బయట నిలబడ్డాను. ముప్పై ఏళ్ళు పిల్లల మొహాలు చదివిన టీచరావిడ. నేను చూసి వెళ్తే, గుమ్మంలోనే నా మొహంలో జవాబు చదివేస్తారు. అలా వద్దనుకున్నాను. అన్న బయటికొచ్చి క్యాసెట్ నా చేతిలో పెట్టాడు. "తీస్కపో" అన్నాడు.

టీచరుగారు ఈసారి పట్టుచీర కట్టుకోలేదు. వాయిలు చీరలోనే, చేతికి సుద్దపొడితో వచ్చి కుర్చీలో కూర్చున్నారు. మళ్ళీ ఆశ పెట్టుకోవడానికి భయపడ్డట్టున్నారు. నేను ఆవిడ పక్కన నేలమీద కూర్చున్నాను.

ఆయన వచ్చారు. ఎండకి కనుబొమలు ముడిచి, చెయ్యి ఊపారు. రా, రా అని. బొమ్మ కొంచెం కుదుపుగా ఉంది కానీ మనిషి కదులుతున్నాడు. టీచరుగారి చెయ్యి నా భుజం మీద పడింది. ఆయన ఏదో అన్నారు, వినపడదు కదా. మళ్ళీ పిలిచారు. ఆగారు. చెయ్యి కిందికి దించేశారు. కోపమే, అనుకున్నాను, అయ్యో, కోపమే. అక్కడ బొమ్మ ఒక్క గెంతు గెంతింది, ఆ జానెడు ముక్క పోయిన చోట. గెంతాక ఆయన తల వంచి తన ప్యాంటు చూసుకుంటున్నారు. వేలితో ఆ మచ్చని చూపించారు. చూపించి, తలెత్తి, ఒళ్ళంతా ఊగేట్టు నవ్వారు.

"నవ్వుతున్నారు," అన్నారు టీచరుగారు. "అమ్మాయ్, నవ్వుతున్నారు."

ఆయన నవ్వుతూనే ముందుకి నడిచారు. నేను "అడ్డం" అని రాసిన చోటు అదే. ఒక్కో అడుగూ దగ్గరికి, ఇంకా దగ్గరికి, రెండు చేతులూ చాపుతూ. కెమెరా పక్కన ఎవరు నిలబడ్డారో అప్పుడు గుర్తొచ్చింది నాకు. నల్లకోటు తెర నిండా పరుచుకుంది.

టీచరుగారు కుర్చీలోంచి ముందుకి వంగి రెండు చేతులూ తెరకేసి చాచారు. "అడుగున పట్టుకోండి, కారుతోంది" అన్నారు.

తెర నల్లబడింది. ఆవిడ చేతులు అలాగే ఉన్నాయి. కాసేపటికి నా వైపు తిరిగారు. మొహమంతా తడి, నోరంతా నవ్వు. "ఆయనే వచ్చారమ్మా. వచ్చి నా చేతిలో క్యారియర్ అందుకున్నారు. నేను వెళ్ళలేదన్నదే పట్టుకుని కూర్చున్నాను ఇన్నేళ్ళూ. ఆయన వచ్చిన సంగతి మర్చేపోయాను."

"మళ్ళీ వెయ్యనా అండీ?" అన్నాను.

వెయ్యమన్నారు. ఐదింటి బస్సు ఎప్పుడు వెళ్ళిపోయిందో నేను చూసుకోలేదు. ఎన్నిసార్లు వేశానో కూడా లెక్కపెట్టలేదు. ప్రతిసారీ ఆ నల్లకోటు దగ్గరికి రాగానే ఆవిడ చేతులు చాచారు.